శక్తి అయిపోతే కండరం వదులు కావాలి కదా, మరి ఎందుకు బిగుసుకుంటుంది?

జంతుశాస్త్రం_మేడం

సభ్యులందరికీ నమస్కారం. ఇంటర్మీడియట్ ద్వితీయ సంవత్సరం పిల్లలకు కండర సంకోచం పాఠం చెబుతున్నాను. కణాలకు శక్తినిచ్చే ఏటీపీ అణువు విచ్ఛిన్నమై శక్తి వస్తుందనీ, ఆ శక్తితో కండరంలోని మయోసిన్ అనే ప్రోటీన్ తలలు యాక్టిన్ అనే ప్రోటీన్ తంతువులను లాగుతాయనీ వివరించగానే ఒక అమ్మాయి లేచి, "మేడం, చనిపోయాక ఏటీపీ తయారు కాదు కదా, మరి శవం ఎందుకు కొయ్యబారిపోతుంది? శక్తి లేకపోతే కండరం మెత్తబడాలి కదా" అని అడిగింది. "ఏటీపీ లేకపోవడం వల్ల మరణ కాఠిన్యం వస్తుంది" అని ఒక్క ముక్కలో చెప్పవచ్చు గానీ, ఆమె అడిగింది సరిగ్గా ఆ ముక్క గురించే. పిల్లలకు అర్థమయ్యేలా, అయితే శాస్త్రానికి లోటు రాకుండా దీన్ని ఎలా చెప్పాలో తెలిసినవారు వివరించగలరని కోరుతున్నాను.

ఎంబీబీఎస్_రెండో_ఏడు

మేడం గారూ, మాకు శరీరధర్మశాస్త్రంలో చెప్పినదాన్ని బట్టి, మరణం తర్వాత కండర కణంలోని కాల్షియం గిడ్డంగి అయిన సార్కోప్లాస్మిక్ జాలకంలో నిల్వ ఉన్న కాల్షియం బయటికి కారిపోతుంది. ఆ కాల్షియం యాక్టిన్ తంతువు మీది ట్రోపోనిన్ అనే ప్రోటీన్‌కు అంటుకుంటుంది, పట్టుకునే చోటును కప్పి ఉంచే ట్రోపోమయోసిన్ పక్కకు జరుగుతుంది, మయోసిన్ తలలు యాక్టిన్‌ను పట్టుకుంటాయి. వాటిని విడదీయడానికి ఏటీపీ ఉండదు కాబట్టి పట్టు అలాగే ఉండిపోతుంది. అంటే అసలు కారణం కాల్షియం కారిపోవడమే అనుకుంటున్నాను.

కృష్ణాతీరం

మేడం గారూ, మీ విద్యార్థిని చాలా మంచి ప్రశ్న అడిగింది. వైద్య కళాశాలలో ఏళ్ల తరబడి ఈ పాఠం చెప్పినవాణ్ని కాబట్టి కొంచెం వివరంగానే రాస్తాను.

ఏటీపీ విడిపోయిన క్షణంలోనే లాగుడు జరుగుతుందన్న భావన దగ్గరే చిక్కంతా ఉంది. 1971లో లిమ్, టేలర్ అనే ఇద్దరు పరిశోధకులు ఈ చర్యల వేగాలను కొలిచి చూపించిన వరుస వేరు. మయోసిన్ తల యాక్టిన్‌ను గట్టిగా పట్టుకుని ఉన్నప్పుడు దాని జేబులోకి కొత్త ఏటీపీ అణువు వచ్చి చేరుతుంది. చేరడమే చాలు, ఇంకా విడిపోనక్కరలేదు, తల పట్టు వదిలేస్తుంది. వదిలిన తరువాత, యాక్టిన్‌కు దూరంగా ఉన్నప్పుడు, ఏటీపీ ఏడీపీగానూ ఫాస్ఫేటుగానూ విడిపోతుంది, తల వెనక్కి వంగి సిద్ధమవుతుంది. ఆ రెండు ముక్కలనూ లోపలే ఉంచుకుని అది యాక్టిన్‌ను మళ్లీ పట్టుకుంటుంది. అప్పుడు ఫాస్ఫేటు బయటికి పోవడంతో పాటే లాగుడు జరుగుతుంది, ఆ తరువాత ఏడీపీ పోతుంది. ఇప్పుడు జేబు ఖాళీ, పట్టు మాత్రం అత్యంత గట్టిది. ఇంకో ఏటీపీ వచ్చేదాకా ఆ తల కదలదు.

గిలక లేని బావి గట్టున నిలబడి చేంతాడు లాగే మనిషిని పిల్లలకు గుర్తు చేయండి. ఒక చేత్తో లాగిన తరువాత ఆ పట్టు వదిలి, చెయ్యి ముందుకు చాచి మళ్లీ పట్టుకుంటేనే చేద పైకి వస్తుంది. లాగడం ఎంత ముఖ్యమో వదలడమూ అంతే ముఖ్యం. మయోసిన్ విషయంలో ఏటీపీ నేరుగా చేసే పని ఈ వదిలించడమే. మీ విద్యార్థిని "శక్తి లేకపోతే వదులు కావాలి" అనుకోవడం సహజం, ఎందుకంటే మన అనుభవంలో బిగించడానికే కష్టపడతాం. ఈ అణువుల లోకంలో బిగుసుకుని ఉండటమే విశ్రాంత స్థితి, అందులోంచి బయటపడటానికే ఖర్చు పెట్టాలి.

కణయంత్రం

కృష్ణాతీరం మాస్టారు చెప్పిన దానికి నిర్మాణం వైపు నుంచి రెండు మాటలు చేరుస్తాను. నేను ఏకాణు ప్రయోగాలు చేసే ప్రయోగశాలలో పని చేస్తున్నాను.

మయోసిన్ తల స్ఫటిక నిర్మాణాన్ని 1993లో ఐవన్ రేమెంట్ బృందం వెలువరించింది. ఆ తలలో ఒక వైపు ఏటీపీ కూర్చునే జేబు, మరో వైపు యాక్టిన్‌ను పట్టే ముఖం ఉంటాయి, ఆ ముఖాన్ని రెండుగా చీలుస్తూ లోతైన పగులు ఒకటి ఉంటుంది. ఏటీపీ జేబులో చేరి, ఆ జేబు గోడలు దాని చుట్టూ మూసుకున్నప్పుడు, అవతలి వైపు పగులు తెరుచుకుంటుంది. పగులు తెరుచుకుంటే యాక్టిన్‌తో సరిపడే ముఖం చెదిరిపోతుంది, పట్టు సడలుతుంది. జేబు ఖాళీ అయితే పగులు మూసుకుని పట్టు బిగుస్తుంది. ఒక్క లాగుడులో తల కదిలేది సుమారు 5 నుంచి 10 నానోమీటర్లు. 1994లో ఫైనర్, సిమన్స్, స్పూడిచ్ ఒకే యాక్టిన్ తంతువును రెండు చిన్న పూసల మధ్య కాంతితో నిలబెట్టి, ఈ అడుగును ఒక్కొక్కటిగా కొలిచారు. అక్కడ ఏటీపీ గాఢతను బాగా తగ్గిస్తే పూస జరిగిన చోటే చాలాసేపు నిలిచిపోతుంది, అంటే తల పట్టుకుని ఏటీపీ కోసం ఎదురుచూస్తోంది. తెర మీద ఆ గీత నిలకడగా ఉండిపోవడం చూసినప్పుడల్లా మరణ కాఠిన్యాన్ని ఒకే అణువులో చూస్తున్నట్టే నాకు అనిపిస్తుంది.

ఇక వైద్య విద్యార్థి గారి కాల్షియం మాట. కాల్షియం కారడం నిజమే, అది ప్రక్రియను తొందర చేస్తుంది కూడా. కానీ అసలు కారణం అదేనా అన్నది తేల్చే ప్రయోగం ఒకటి ఉంది. 1949లో ఆల్బర్ట్ సెంట్-గ్యోర్గీ, కుందేలు కండరపు పోగులను గ్లిజరిన్‌లో నిల్వ చేసే పద్ధతిని ప్రకటించారు. గ్లిజరిన్‌లో కణత్వచాలు చిల్లులు పడి, ఏటీపీ వంటి చిన్న అణువులన్నీ బయటికి పోతాయి, తంతువులు మాత్రం మిగులుతాయి. ఆ పోగు బిగుసుగా ఉంటుంది. దానికి ఏటీపీనీ కాల్షియాన్నీ కలిపి ఇస్తే కుంచించుకుపోతుంది. కాల్షియాన్ని పూర్తిగా తీసేసి ఏటీపీ ఒక్కటే ఇస్తే మెత్తబడి, లాగితే సాగుతుంది. ఏటీపీ లేకపోతే కాల్షియం ఎంత తక్కువగా ఉన్నా తలలు యాక్టిన్‌ను గట్టిగా పట్టుకుంటాయి, ఆ పట్టే ట్రోపోమయోసిన్‌ను పక్కకు నెడుతుంది. కాబట్టి మెత్తబడటానికి రెండు షరతులు ఉన్నాయి: ఏటీపీ ఉండాలి, కాల్షియం ఉండకూడదు.

ఎంబీబీఎస్_రెండో_ఏడు

కృతజ్ఞతలు సార్. రెండు షరతులుగా చెబితే చాలా స్పష్టంగా ఉంది. అయితే ఒక సందేహం. గుండె ఆగిన వెంటనే శవం బిగుసుకోదు, కొన్ని గంటలు పడుతుంది. ఆ మధ్య కాలంలో ఏటీపీ ఎక్కడి నుంచి వస్తుంది?

కృష్ణాతీరం

ఈ సందేహానికి సమాధానం మన తెలుగువాడి దగ్గరే ఉంది బాబూ, అందుకే కొంచెం చరిత్ర చెప్పనివ్వండి.

1895లో భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారు మద్రాసులో వైద్యం చదివి, హార్వర్డ్ వైద్య కళాశాలలో సైరస్ ఫిస్కే దగ్గర చేరారు. వారిద్దరూ 1925లో ప్రకటించిన ఫాస్ఫరస్ కొలత పద్ధతి జీవరసాయన ప్రయోగశాలలన్నింటికీ పాకింది. ద్రావణంలోని ఫాస్ఫేటును మాలిబ్డేటుతో కలిపి, నీలి రంగు తెప్పించి, ఆ రంగు గాఢతను బట్టి ఫాస్ఫేటును లెక్కించడం ఆ పద్ధతి. మామూలు ఫాస్ఫేటు ద్రావణంలో రంగు త్వరగా వచ్చి నిలుస్తుంది. కండరం నుంచి తీసిన సారంలో మాత్రం అది ఆలస్యంగా, నెమ్మదిగా ముదురుతూ పోయింది. ఇంకొకరైతే రసాయనాల్లో ఏదో కల్తీ అనుకుని వదిలేసేవారు. వారు వదల్లేదు. కండరంలో ఫాస్ఫేటును మోసుకుని ఉన్న ఏదో సున్నితమైన పదార్థం ఆ ఆమ్ల ద్రావణంలో మెల్లగా విరుగుతోందని గ్రహించి, దాన్ని వెలికితీశారు. అదే ఫాస్ఫోక్రియాటిన్, 1927. అదే ఏడాది ఇంగ్లాండులో ఎగిల్టన్ దంపతులు కూడా ఈ పదార్థం ఉనికిని గుర్తించారు. 1929లో ఫిస్కే, సుబ్బారావు కండరం నుంచి ఏటీపీని వేరు చేశారు, అదే సంవత్సరం జర్మనీలో కార్ల్ లోమన్ విడిగా అదే పని చేశారు.

ఆ రోజుల్లో కండరాన్ని కుదించేది లాక్టిక్ ఆమ్లమే అన్న సిద్ధాంతం రాజ్యమేలుతోంది. హిల్, మయర్‌హాఫ్‌లకు 1922 సంవత్సరపు నోబెల్ వచ్చింది కండరంలో ఉష్ణం, ఆక్సిజన్, లాక్టిక్ ఆమ్లం మధ్య సంబంధాలను పరిశోధించినందుకే. 1930లో డెన్మార్కులో ఐనార్ లుండ్స్‌గార్డ్, లాక్టిక్ ఆమ్లం తయారీని అడ్డుకునే అయొడోఎసిటేట్ ఎక్కించిన జంతువుల కండరాల్లో లాక్టిక్ ఆమ్లం చుక్కైనా తయారు కావడం లేదని, అయినా అవి కొంతసేపు చక్కగా కుదించుకుంటున్నాయని చూపించారు. ఫాస్ఫోక్రియాటిన్ తరిగిపోయేదాకా పని చేసి, తరిగిపోగానే ఆమ్లం లేకుండానే కొయ్యబారిపోయాయి. బిగుసుకోవడానికి కారణం ఆమ్లం కాదని, నిల్వ అయిపోవడమని అక్కడే తేలింది. ఆ ప్రయోగానికి అర్థం చెప్పగలిగింది బోస్టన్‌లో మూడేళ్ల క్రితం ఎవరో నీలి రంగు మీద పట్టుబట్టి కూర్చోవడం వల్లనే. సుబ్బారావు గారి పేరు వినగానే మన పిల్లలకు మందులు గుర్తొస్తాయి, కండరం పాఠంలో కూడా ఆ పేరు చెప్పాలని నా గట్టి అభిప్రాయం.

ఇక లెక్కకు వద్దాం. కిలో కండరంలో ఏటీపీ సుమారు 5 మిల్లీమోల్‌లే ఉంటుంది, పూర్తి బలంతో పని చేస్తే రెండు మూడు సెకన్లకు మించి రాదు. ఫాస్ఫోక్రియాటిన్ దానికి మూడు నాలుగు రెట్లు ఉంటుంది, క్రియాటిన్ కైనేజ్ అనే ఎంజైము దాని ఫాస్ఫేటును ఏడీపీకి అందించి ఏటీపీని తిరిగి నిలబెడుతూ ఉంటుంది. మరణం తర్వాత కదలిక లేదు కాబట్టి ఖర్చు తక్కువ. మొదట ఫాస్ఫోక్రియాటిన్ తరుగుతుంది, కండరంలో నిల్వ ఉన్న పిండిపదార్థం గ్లైకోజెన్ నుంచి వచ్చేది కొంత ఆదుకుంటుంది, ఆఖరున ఏటీపీ పడిపోతుంది. అప్పుడే బిగుసుకోవడం మొదలవుతుంది. చనిపోయే ముందు విపరీతంగా శ్రమ పడినవారి శరీరం త్వరగా బిగుసుకోవడానికి కారణం వారి నిల్వలు అప్పటికే ఖర్చయి ఉండటం.

నడకశాల

నేను ఫిజియోథెరపీ చేస్తాను. ఈ చర్చ చదివాక ఒక విషయం చెప్పాలనిపించింది. "రాత్రిపూట పిక్కలు పట్టేస్తున్నాయి, ఏటీపీ తగ్గిందేమో" అని చదువుకున్నవారు కూడా అడుగుతున్నారు. మామూలుగా పిక్క పట్టేయడానికీ మరణ కాఠిన్యానికీ పోలిక లేదు. పట్టేసిన కండరంలో సూది పెట్టి విద్యుత్ సంకేతాలు చూస్తే, నాడి నుంచి దట్టంగా వరుసగా ప్రచోదనాలు వస్తూ కనిపిస్తాయి. అంటే కండరం ఆజ్ఞ ప్రకారమే కుదించుకుంటోంది, ఆజ్ఞ ఆగడం లేదు, అంతే. అందుకే పాదాన్ని పైకి వంచి పిక్కను సాగదీస్తే చాలాసార్లు వెంటనే వదులుతుంది. దీనికి భిన్నంగా, గ్లైకోజెన్‌ను విరిచే ఎంజైము పుట్టుకతోనే లేని మెకార్డిల్ వ్యాధిలో, వ్యాయామం చేసిన కండరం గట్టిగా బిగుసుకుంటుంది కానీ అందులో విద్యుత్ సంకేతాలేవీ కనిపించవు. ఈ రెంటినీ కలిపి చూడకూడదు.

జంతుశాస్త్రం_మేడం

నడకశాల గారూ, ఇది తప్పకుండా తరగతిలో చెబుతాను. ఇప్పుడు పిల్లలు ఇంకో అడుగు ముందుకేస్తారని నాకు తెలుసు. నాడీ కణం మాటేమిటి? నాడీ ప్రచోదనం వెళ్లేటప్పుడు కూడా ఏటీపీ ఖర్చవుతుందా, లేక అక్కడ కూడా ఖర్చు తర్వాతేనా?

కణయంత్రం

తర్వాతే, మేడం. దీనికి రుజువు అద్భుతంగా ఉంటుంది. స్క్విడ్ అనే సముద్ర జీవిలో అర మిల్లీమీటరు పైగా మందం ఉండే నాడీ తంతువు ఉంది. 1939లో హాడ్జ్‌కిన్, హక్స్‌లీ ఇంగ్లాండులోని ప్లిమత్‌లో దాని లోపలికే ఎలక్ట్రోడు పంపి ప్రచోదనాన్ని కొలిచారు, 1952లో దాని గణితాన్ని ప్రకటించారు. 1961లో బేకర్, హాడ్జ్‌కిన్, షా ఇంకా ముందుకు వెళ్లి, ఒక చిన్న రోలరుతో ఆ తంతువులోని జీవపదార్థాన్ని చాలావరకు పిండేసి, లోపల పొటాషియం లవణ ద్రావణాన్ని నింపారు. ఏటీపీ లేదు, మైటోకాండ్రియా లేదు, మిగిలింది దాదాపు త్వచం ఒక్కటే. అయినా అది గంటల తరబడి ప్రచోదనాలను ప్రసారం చేసింది.

సోడియం బయట ఎక్కువ, పొటాషియం లోపల ఎక్కువ ఉండటమే నాడి పెట్టుబడి. ప్రచోదనం వచ్చినప్పుడు సోడియం లోపలికీ, పొటాషియం బయటికీ తమంతట తామే పోతాయి. ఆ వ్యత్యాసాన్ని తిరిగి నిలబెట్టడానికి మాత్రం, 1957లో జెన్స్ స్కౌ గుర్తించిన పంపు ఒక్కో ఏటీపీకి మూడు సోడియం అయానులను బయటికి నెట్టి, రెండు పొటాషియం అయానులను లోపలికి తెచ్చుకుంటుంది. ఆయనకు 1997లో రసాయన శాస్త్రపు నోబెల్ దక్కింది.

పల్లెవైద్యం

నేను ప్రాంతీయ ఆసుపత్రిలో అత్యవసర విభాగంలో పని చేస్తున్నాను. ఇక్కడి వరకు నాడి, కండరం విడివిడిగా చర్చించారు. రెండూ కలిసే చోట కూడా ఇదే సూత్రం ఉంది, దాన్ని మేము వానాకాలంలో తరచూ చూస్తాం.

నాడి చివర కాల్షియం ప్రవేశించగానే, అక్కడి తిత్తులు త్వచంతో కలిసిపోయి ఎసిటైల్ కోలిన్‌ను విడుదల చేస్తాయి. ఒక్కో తిత్తిలో వేల అణువులు ఉంటాయి. అవతల కండర త్వచం మీద ఉన్న ఒక్కో గ్రాహకానికి రెండు ఎసిటైల్ కోలిన్ అణువులు అంటుకుంటే దాని ద్వారం తెరుచుకుంటుంది. ఆ వెంటనే, మిల్లీసెకను అటూ ఇటూగా, కోలినెస్టరేజ్ అనే ఎంజైము ఆ ఎసిటైల్ కోలిన్‌ను తునకలు చేస్తుంది. ఆజ్ఞను తుడిచేయడానికే ప్రకృతి ఇంత వేగవంతమైన ఎంజైమును అక్కడ పెట్టింది.

నాగుపాము విషంలోని నాడీ విషం గ్రాహకం మీద కూర్చుని ఎసిటైల్ కోలిన్‌కు చోటివ్వదు. కట్లపాము విషంలో అటువంటివి ఉండటమే కాక, నాడి చివరనే ధ్వంసం చేసేవి కూడా ఉంటాయి. అందుకే నాగుపాము కాటులో, కోలినెస్టరేజ్‌ను ఆపి ఎసిటైల్ కోలిన్‌ను పెంచే నియోస్టిగ్మిన్ ఇస్తే వాలిన రెప్పలు లేచే అవకాశం ఉంటుంది, కట్లపాము కాటులో ఆ మందు మీద ఆధారపడలేం. నాడి చివరలు మళ్లీ మొలిచేదాకా రోగిని వెంటిలేటర్ మీద రోజుల తరబడి కాపాడాల్సి రావచ్చు. పురుగుమందు విషయంలో దీనికి పూర్తిగా వ్యతిరేకం. మోనోక్రోటోఫాస్ వంటి ఆర్గానోఫాస్ఫేటులు కోలినెస్టరేజ్ గుండెకాయ వంటి సెరీన్ అనే చోట ఫాస్ఫరస్ ముక్కను అంటించేస్తాయి. ఎంజైము మూగబోతుంది, ఆజ్ఞ చెరిగిపోదు. పత్తి చేలో గాలికి ఎదురుగా మందు కొట్టి వచ్చిన రైతుకు ముందుగా చొంగ, చెమట, కంటిపాప చిన్నదవడం, తొడల మీద చర్మం కింద కండరాలు సన్నగా అదరడం కనిపిస్తాయి.

ఎంబీబీఎస్_రెండో_ఏడు

డాక్టరు గారూ, ఆజ్ఞ చెరగకపోతే కండరం కుదించుకునే ఉండాలి కదా. కానీ ఆ రోగుల్లో కండరాలు ముందు అదిరి, తర్వాత చచ్చుబడతాయని చదివాను. అక్కడ ఏటీపీ కొరత కూడా లేదు.

కణయంత్రం

డాక్టరు గారు విధుల్లో ఉండవచ్చు, అణువు వరకు నేను చెబుతాను. కండర త్వచంలో ప్రచోదనాన్ని పుట్టించే సోడియం ద్వారంలో నాలుగు భాగాలు ఉంటాయి, ఒక్కోదానిలో ధనావేశం గల ఆర్జినిన్, లైసిన్ అవశేషాలు ప్రతి మూడో స్థానంలో పేర్చిన ఒక కడ్డీ ఉంటుంది. త్వచపు వోల్టేజి మారగానే ఆ కడ్డీలు బయటి వైపు జరుగుతాయి, ద్వారం తెరుచుకుంటుంది. మిల్లీసెకను లోపలే, మూడో భాగాన్నీ నాలుగో భాగాన్నీ కలిపే చిన్న గొలుసు వచ్చి దాన్ని మూసేస్తుంది. ఆ గొలుసులోని ఐసోల్యూసిన్, ఫెనిలాలనిన్, మిథియోనిన్ అనే మూడు అమైనో ఆమ్లాలదే ఇందులో ముఖ్య పాత్ర. ఇప్పుడు ఆ మూత తొలగాలంటే త్వచం మళ్లీ విశ్రాంతి వోల్టేజికి, కండరంలోనైతే సుమారు మైనస్ 90 మిల్లీవోల్టులకు, దిగిరావాలి. ఎసిటైల్ కోలిన్ వదలకుండా పట్టుకుని ఉంటే త్వచం దిగిరాదు, మూత తొలగదు, కొత్త ప్రచోదనం పుట్టదు. పైగా గ్రాహకాలు కూడా కొంతసేపటికి స్పందించడం మానేస్తాయి. మొదటి ఆజ్ఞ చెరిగిపోకపోవడం వల్ల రెండో ఆజ్ఞకు దారి మూసుకుపోయింది.

పల్లెవైద్యం

సరిగ్గా చెప్పారు. వైద్యం వైపు నుంచి ఒకటి చేరుస్తాను. మేము ఇచ్చే అట్రోపిన్ చొంగనూ ఊపిరితిత్తుల్లోని స్రావాలనూ ఆపుతుంది, నెమ్మదించిన గుండెను లేపుతుంది, కండరాల బలహీనతను మాత్రం అది సరిచేయదు, ఎందుకంటే కండరం మీది గ్రాహకం వేరే రకం. ఎంజైముకు అంటిన ముక్కను ఊడదీసే ప్రాలిడాక్సిమ్ ప్రయోజనం మీద వైద్యుల్లో భిన్నాభిప్రాయాలు ఉన్నాయి, సమయం గడిచేకొద్దీ ఆ ముక్క ఇంకా గట్టిగా బిగుసుకుంటుంది కూడా. ఊపిరి అందించడమే ప్రాణం నిలుపుతుంది. కాబట్టి అదురు కనిపించినా కనిపించకపోయినా బట్టలు విప్పి, ఒంటిని సబ్బుతో కడిగి, వెంటనే ఆసుపత్రికి తేవాలని ఊళ్లో వాళ్లకు చెప్పండి.

జంతుశాస్త్రం_మేడం

అందరికీ కృతజ్ఞతలు. రెండు చిన్న సందేహాలు మిగిలాయి. ఒకటిన్నర రెండు రోజులకు శవం మళ్లీ మెత్తబడుతుంది, అప్పుడు ఏటీపీ ఎక్కడి నుంచి వచ్చింది? రెండోది, బతికున్న కండరంలో ఖర్చంతా మయోసిన్‌దేనా?

కృష్ణాతీరం

మొదటిదానికి సమాధానం చిన్నదే. ఏటీపీ రాలేదు, పట్టు వదలలేదు. కణంలోని ప్రోటీన్ విచ్ఛేదక ఎంజైములు, కండరపు పోగులో కుదించుకునే చిన్న ప్రమాణమైన సార్కోమియర్‌ను నిలబెట్టే అడ్డు గోడలనూ, వాటికి కట్టిన ప్రోటీన్లనూ కొరికేస్తాయి. తలలు పట్టుకునే ఉన్నా, అవి పట్టుకున్న కట్టడమే కూలిపోతుంది. మన వాతావరణంలో వేసవిలో ఇది ఇంకా త్వరగా జరుగుతుంది.

రెండోది ముఖ్యమైన ప్రశ్న. కుదించుకున్న ప్రతిసారీ బయటికి వచ్చిన కాల్షియాన్ని తిరిగి జాలకంలోకి తోడిపోయాలి. ఆ పని చేసే పంపు ఒక్కో ఏటీపీకి రెండు కాల్షియం అయానులను లోపలికి చేరుస్తుంది. కండరం కదలకుండా బిగించి పట్టుకున్నప్పుడు మొత్తం ఏటీపీలో దాదాపు మూడో వంతు అయానుల పంపులకే పోతుంది, అందులో సింహభాగం ఈ కాల్షియం పంపుదే. అంటే ఆజ్ఞను ఉపసంహరించే ఖర్చును పక్కన పెట్టి కండరం లెక్క వేయలేం.

పల్లెవైద్యం

మాస్టారు చెప్పిన ఆ పంపు మీద భారం ఎంతో మత్తు వైద్యులకు బాగా తెలుసు. కాల్షియం విడుదల చేసే రయానోడిన్ గ్రాహకంలో పుట్టుకతో లోపం ఉన్న కొందరికి హాలోథేన్ వంటి మత్తు వాయువు గానీ, కండరాలను సడలించే సక్సినైల్ కోలిన్ మందు గానీ ఇస్తే కాల్షియం ఆగకుండా కారుతుంది. పంపు తోడుతూనే ఉంటుంది, మయోసిన్ లాగుతూనే ఉంటుంది, రెండూ ఏటీపీని కాల్చేస్తాయి. ఒంటి వేడి చూస్తుండగానే పెరుగుతుంది, దవడ, కాళ్లు, చేతులు బిగుసుకుపోతాయి. ఆ ద్వారాన్ని అదుపు చేసే డాంట్రోలీన్ ఇచ్చి, మత్తు వాయువు ఆపి, ఒంటిని చల్లబరుస్తారు. మేడం గారూ, మీ విద్యార్థుల ఇళ్లలో ఎవరికైనా మత్తు ఇచ్చినప్పుడు ఇలా జరిగిన చరిత్ర ఉంటే, శస్త్రచికిత్సకు ముందు ఆ మాట మత్తు వైద్యుడికి తప్పకుండా చెప్పాలని పాఠంతో పాటు చెప్పండి. ఈ లోపం కుటుంబాల్లో వంశపారంపర్యంగా వస్తుంది.